అరవై రెండో చావు

వెండెల్ క్రాఫ్ అనే పేరు మీరు విని ఉండరు. మొహం మాత్రం తప్పకుండా చూసి ఉంటారు. ఇరవై రెండేళ్లలో అరవై ఒక్క కౌబాయ్ సినిమాల్లో అరవై ఒక్కసార్లు చచ్చాడు. గుర్రం మీంచి పడి, సారా కొట్టు మెట్ల మీద దొర్లి, ఉరికొయ్యకు వేలాడి. చివరి సీనుదాకా బతికిన పాపాన పోలేదు. ఏ షాట్‌లో ఎవరు ఎక్కడ నిలబడ్డారో రాసుకునే ఉద్యోగం నాది కాబట్టి ఆ చావుల్లో సగం నా పుస్తకాల్లోనే ఉన్నాయి.

చచ్చే వేషాలతో విసుగెత్తి, షాట్లకు మధ్య ఖాళీలో కథలు రాయడం మొదలుపెట్టాడు. మూడు అమ్ముడుపోయాయి. నాలుగోది 1961లో తీశాం. అందులో ఇద్దరు దొంగలు చివరిదాకా బతుకుతారు. ఒక వేషం తనకోసం రాసుకున్నాడు, రెండోది హోబర్ట్ డిల్ కోసం. కుర్రతనంలో ఇద్దరూ ఒకే అద్దె గదిలో ఉంటూ, ఉన్న ఒక్క కోటునూ మార్చుకుని వేషాలకు తిరిగినవాళ్లు. హోబర్ట్ భార్య ఇనెజ్‌కి కడుపులో కంతి. ఏడాదిలో తగినన్ని రోజులు పనిచేసినట్టు చూపిస్తేనే ఆపరేషన్ ఖర్చు నటుల యూనియన్ భరిస్తుంది. ఈ సినిమా పూర్తిగా చేస్తే హోబర్ట్‌కి ఆ రోజుల లెక్క సరిగ్గా సరిపోతుంది. డిసెంబరు సగం అయిపోయింది, ఇంకో వేషం దొరికే ఆశ లేదు.

షూటింగ్ పదో రోజు మధ్యాహ్నం భోజనాల దగ్గర నిర్మాత సిల్బర్ట్ వచ్చి వెండెల్ పక్కన కూచున్నాడు.

"మూడు రోజులు వెనకబడ్డాం. ఇద్దరు దొంగలెందుకయ్యా, ఒకడు చాలు. రేపు గుర్రబ్బండి దోపిడీ సీనులో ఒకణ్ణి లేపెయ్. ఎవణ్ణనేది నీ ఇష్టం, రాసేవాడివి నువ్వేగా. సాయంత్రానికి కాగితాలు కావాలి."

మా దగ్గర మొదటి ప్రతి తెల్లకాగితం మీద, మార్పులు రంగు కాగితం మీద టైపు చేస్తారు. పొద్దున్నే గులాబీ కాగితం చేతికొస్తే చిన్న నటుడి గుండె జారిపోతుంది. ఎవడి పీక తెగిందో అందులోనే ఉంటుంది.

వెండెల్ మూడు గంటలు తన కారులో తలుపులు బిగించుకుని కూచున్నాడు. టైపు కొట్టాల్సింది నేనే. అతను తెచ్చిన కాగితం చదివితే నాకు ఒళ్లు మండింది.

"హోబర్ట్‌ని చంపావా? ఇనెజ్ సంగతి తెలిసే?"

"తెలుసు వెల్మా. కొట్టు."

"సిగ్గులేదూ నీకు?"

"అరవై ఒక్కసార్లు చచ్చానమ్మా. ఒక్కసారి బతికి చూపిస్తే నన్నూ నటుడంటారు. ఇలాంటి వేషం నాకు ఇంకెవడిస్తాడు?"

కొట్టాను. నా ఉద్యోగం నాకు ముఖ్యం మరి, నేనేమీ పుణ్యాత్మురాల్ని కాను.

మర్నాడు హోబర్ట్ కాఫీ బల్ల దగ్గర నిలబడి ఆ కాగితం రెండుసార్లు చదివాడు. మేమంతా కప్పుల్లోకి చూస్తూ నిలబడ్డాం.

"ఎవర్రా మార్చింది?"

"సిల్బర్టే," అన్నాడు వెండెల్, తల ఎత్తకుండా. "నీ పేరు పెట్టి మరీ చెప్పాడు."

హోబర్ట్ కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాడు. "పోనీలే. తూటా తగిలి పడటం నాకెప్పుడూ సరిగ్గా రాదు. చావడంలో పండితుడివి, కాస్త నేర్పరా."

వెండెల్ గంటసేపు నేర్పాడు. ముందు మోకాలు వదిలెయ్యాలి, తలకంటే ముందు భుజం ఆనాలి. హోబర్ట్ పడ్డప్పుడల్లా లేపి దుమ్ము దులిపాడు. అతని కళ్లలోకి మాత్రం ఒక్కసారీ చూడలేదు. ఎలా చూస్తాడులే అనుకున్నాను.

ఆ షాట్‌లో వెనకాల బండి నిజంగా పేలుతుంది. రెండో బండి లేదు, రెండో టేకూ లేదు. షెరీఫ్ వేషగాడు రెండుసార్లు కాలుస్తాడు. మొదటిది గురి తప్పాలి, రెండోదానికి హోబర్ట్ పడాలి.

యాక్షన్ అన్నారు. మొదటి తూటా పేలింది. వెండెల్ మోకాలు వదిలేసి కింద పడ్డాడు.

హోబర్ట్ కొయ్యబారిపోయాడు. "నించున్నావేంరా, పారిపో!" అని కిందనుంచి అరిచాడు వెండెల్. ఆ మాట ఏ రంగు కాగితంలోనూ లేదు. హోబర్ట్ గుర్రం వైపు పరిగెత్తాడు. రెండో తూటా పేలింది, బండి పేలింది, పొగలో వెండెల్ కదలకుండా పడి ఉన్నాడు.

సిల్బర్ట్ మొహం జేవురించుకుని వచ్చాడు. "ఎవడు పడమన్నాడయ్యా నిన్ను?"

"ఎవణ్ణి చంపాలో నా ఇష్టమన్నారుగా," అన్నాడు వెండెల్, లేవకుండానే.

సిల్బర్ట్ కాలిపోతున్న బండి వంక చూశాడు. "ఏడ్చావులే, ఒకడు తగ్గాడు, అది చాలు," అని వెళ్లిపోయాడు.

హోబర్ట్ వచ్చి పక్కన కూలబడ్డాడు.

"ఒరే హోబీ, నిన్న నిన్ను చంపింది నేనేరా. సిల్బర్ట్ కాదు."

"తెలుసు."

"ఎలా?"

"పేరు పెట్టి చెప్పాడన్నావుగా. పదేళ్లుగా ఆయన నన్ను 'ఓయ్ పొడుగూ' అనే పిలుస్తాడు. నా పేరు ఆయనకెక్కడ తెలుసురా?"

"మరి తెలిసీ నాచేత నేర్పించుకున్నావేంరా?"

"సినిమా నీది కదా. నావల్ల చెడిపోతే ఎలా?"

వెండెల్ అక్కడే, దుమ్ములోనే, బావురుమన్నాడు. ఆ మొహం నటించకుండా ఏడవడం నేను చూసింది అదొక్కసారే.

జనవరిలో ఇనెజ్‌కి ఆపరేషన్ అయింది. వెండెల్ తర్వాత ఇంకో తొమ్మిది కథలు రాశాడు, హోబర్ట్‌కి అన్నిట్లోనూ వేషం ఉంది. తనకు మాత్రం ఒక్కటీ రాసుకోలేదు. ఎందుకని ఒకసారి అడిగాను.

"కలం చేతిలో ఉన్నప్పుడు నన్ను నేను నమ్మలేను వెల్మా," అన్నాడు.