అన్నం వేళ ఆపని మైకు

సౌండాయన మధ్యాహ్నం ఒంటిగంటకు అన్నం డబ్బా మూత తీశాడు గానీ, చెవులకున్న హెడ్‌ఫోన్లు తీయలేదు.

ఆయనకు నలభై ఏడేళ్లు. అందులో పదహారేళ్లు రేడియోలు బాగుచేశాడు. ఊళ్లో కాల్పులు మొదలై బజారు సగం మూతపడ్డాక, డాక్యుమెంటరీలు తీసే డైరెక్టరమ్మ దగ్గర సౌండు రికార్డు చేసే పనిలో చేరాడు. ఆవిడ పద్ధతి వేరు. ఎవర్నీ ప్రశ్నలడగదు, ఇలా కూర్చోండి అలా నడవండి అనదు. నెలల తరబడి ఒకే ఇంట్లో పడి ఉండి, జరిగింది జరిగినట్టు తీస్తుంది. అట్లా ఏడు నెలలుగా ఒక టైలరమ్మ ఇంట్లో ఉన్నారు. టైలరమ్మ తమ్ముడి కోసం సైన్యం వెతుకుతోంది. వాడెక్కడున్నాడో తెలియదని ఆమె అందరికీ చెప్పింది, కెమెరాకి కూడా.

రోజూ పొద్దున్నే అగ్గిపెట్టంత మైకు ఆమె చేతికిచ్చి, సౌండాయన గోడవైపు తిరిగి నిలబడేవాడు. ఆమె బట్టల చాటున తగిలించుకునేది.

"మా ఆయన కూడా నా మాట ఇంత శ్రద్ధగా వినలేదన్నయ్యా," అని నవ్వేది.

"కెమెరా ఆగితే నా చెవులూ ఆగినట్టే చెల్లెమ్మా," అని ఆయన మొదటిరోజే మాటిచ్చాడు.

ఆ మధ్యాహ్నం కెమెరా ఆగింది. డైరెక్టరమ్మ ఫోన్ మాట్లాడుకుంటూ వీధిలోకి వెళ్లింది. టైలరమ్మ మైకు సంగతే మర్చిపోయి వెనకగదిలోకి నడిచింది. అక్కడ ఆడపడుచుతో గుసగుసగా అంటోంది: "పిండిమిల్లు అటక మీద వాడికి జ్వరం తగ్గట్లేదు వదినా. మందులెవరితో పంపేది?"

ఒక్క మీట నొక్కితే సరిపోయేది. నొక్కలేదు. ఒళ్లోని రికార్డింగు పెట్టె తిరుగుతూనే ఉంది. ఆ గొంతు అంత నిజంగా పలకడం ఏడు నెలల్లో ఎప్పుడూ వినలేదు. ముద్ద చేతిలోనే ఎండిపోయింది. పదకొండు నిమిషాలు విన్నాడు. పనివాడి బుద్ధి అని తనకు తాను సర్దిచెప్పుకోబోయాడు. అది గోడకు చెవి ఆనించే బుద్ధేనని లోపల తెలుస్తూనే ఉంది.

ఊరు దాటే చోట రికార్డింగులున్న మెమరీ కార్డులు లాక్కుని వినే సైనికులున్నారు. ఆ ముక్కను, దానికి ముందున్న షాటు శబ్దంతో సహా, చెరిపేశాడు. బ్యాటరీ పోయిందని డైరెక్టరమ్మకు అబద్ధం చెప్పాడు. అక్కడితో నోరు మూసుకోవచ్చు. కానీ టైలరమ్మ ఎప్పట్లాగే మంచినీళ్లు తెచ్చిస్తే తలెత్తలేకపోయాడు.

"చెల్లెమ్మా, ఇందాక నువ్వు మైకు తీయలేదు. నేనూ ఆపలేదు. విన్నాను. తర్వాత చెరిపేశాను."

"ఎంతదాకా విన్నావు?"

"అటక దాకా."

ఆమె గ్లాసు వెనక్కి తీసుకుంది.

"పెట్టెలోంచి చెరిపారు, సరే. రేపు చెక్‌పోస్టులో మిమ్మల్ని నాలుగు తంతే, మీ బుర్రలోది ఎట్లా చెరుపుతారు సౌండు మాస్టారూ?"

నాలుగు దెబ్బలకు తట్టుకునే మనిషిని కానని ఆయనకు బాగా తెలుసు. ఆయన ముఖం చూసి ఆమె కూడా అది కనిపెట్టేసింది.

చీకటి పడకముందే, ఒళ్లు కాలిపోతున్నా, తమ్ముణ్ణి మరోచోటికి మార్చేశారు. ఎక్కడికని ఆయన అడగలేదు.

మర్నాడు షూటింగ్ మామూలే. టైలరమ్మ మైకు తగిలించుకుని, కుట్టుమిషను ముందు కూర్చుంది. సాయంత్రం దాకా నోరు విప్పలేదు. ఏమైందని డైరెక్టరమ్మ సైగ చేస్తే, సౌండాయన తల అడ్డంగా ఊపి వైర్లు చుట్టుకోవడంలో పడ్డాడు.

ఆ రోజు రికార్డయింది ఏడు గంటల ఇరవై నిమిషాలు. అంతా మిషను చప్పుడే.