మైకులో నేను అన్న మాట

ఆరేళ్లుగా ఒక్క మాట మోస్తున్నాను. రెండక్షరాల మాట. ఇంత చిన్న మాటకి అంత బరువేమిటి అని మీరు అడగొచ్చు. అడగకండి, నాకు ఒళ్లు మండుతుంది. మీ మీద కాదు, నా మీదే.

మా ఆడపడుచు నాగమణి కాలు విరగడానికి కారణం నేను. ఆ సంగతి ఆమెకు తెలియదు. తన పొరపాటే అనుకుంటోంది. అలా అనుకోనిచ్చింది కూడా నేనే. ఇది ముందే చెప్పేస్తున్నాను, లేకపోతే మధ్యలో ఎక్కడో జారుకుంటాను. జారుకోవడం నాకు బాగా వచ్చు.

నేను శ్రీకాకుళం వైపు నుంచి పెళ్లయి జంషెడ్‌పూర్ వచ్చాను. బర్మామైన్స్‌లో మా ఇల్లు. పదో తరగతి దాకా తెలుగులో చదివాను. నాగమణి ఇక్కడే పుట్టింది, హిందీ బడిలో చదివింది. తెలుగులో పిలిస్తే హిందీలో పలికేది. ఇద్దరం కంట్రాక్టు పనికే వెళ్లేవాళ్లం. నేను క్రేన్ కింద నిలబడి సిగ్నల్ ఇచ్చేదాన్ని. ఆమె ఎత్తు మీద పెయింటింగ్ చేసేది. అలా ఎక్కాలంటే హైట్ పాస్ ఉండాలి. మా సందులో ఆడవాళ్లలో అది ఉన్నది ఆమె ఒక్కదానికే. దాన్ని మెళ్లో వేసుకుని పర్సుడీహ్ బజారుకి కూడా వెళ్లేది, పిచ్చిది.

అప్పుడు హైదరాబాద్ నుంచి సినిమా వాళ్లు వచ్చారు. ఎప్పుడో మూతబడ్డ ఒక పాత కార్ఖానాలో షూటింగు. రాబోయే కాలం కథట. గాలి కూడా కొలిచి అమ్మే ఊరు. హీరోయిన్ దొంగ, ఎవరి బాగూ పట్టని మనిషి. కాపలాదార్ల మధ్య నుంచి ఏదో మందు తెమ్మని ఆమెను బలవంతంగా పంపుతారు. ఆ హీరోయిన్ బదులు ఇనుప దూలం మీద పరిగెత్తాల్సిన డూపుకి జ్వరం వచ్చింది. నాగమణి పేరు చెప్పింది నేనే. ఆమె వద్దంది. రెండు రోజులు వద్దంది. మాటిచ్చేశాను, నా పరువు తీయకే అని వెంటపడ్డాను. నాకెందుకంత తాపత్రయం? ఫైట్ మాస్టర్ నన్ను మేడమ్ అన్నాడు, అందుకు. పుట్టి బుద్ధెరిగాక నన్ను మేడమ్ అన్నవాళ్లు లేరు. ఇంతకంటే పెద్ద కారణం ఏదైనా ఉంటే బాగుండేది.

ఆమె నడుముకి కట్టిన తాడుని కింద నుంచి లాగే నలుగురికీ హిందీ తప్ప ఏదీ రాదు. అందుకని సిగ్నళ్లన్నీ హిందీలోనే అని మొదటి రోజే అనుకున్నాం. ముందుకు వెళ్లమంటే 'ఆగే'. నిలబడమంటే 'రుకో'. మాస్టర్ నాకు చెప్తాడు, నేను మైకులో అరుస్తాను.

రెండుసార్లు బాగానే పరిగెత్తింది. మూడోసారి దూలం మధ్యలో నిలబడిపోయింది. "రస్సీ ఢీలా హై, భాభీ!" అని పైనుంచి అరిచింది. తాడు వదులుగా ఉందట. నాకూ కనిపించింది. కనిపించలేదని ఇప్పటికీ అనాలనుంది, కానీ కనిపించింది. మబ్బు కమ్ముతోంది, వెలుతురు పోతే షాట్ పోతుందని మాస్టర్ చిందులు తొక్కుతున్నాడు. మీవాళ్లకి ధైర్యం ఎక్కువన్నావు, ఇదేనామ్మా అన్నాడు అందరి ముందూ. నాకు తల కొట్టేసినట్టయింది. ఆ రోషం ఆయన మీద చూపించాలి కదా? అంత దమ్ము లేక పైన బిక్కుబిక్కుమంటున్న ఆడపడుచు మీద చూపించాను. మైకులో అరిచాను.

"ఆగే!"

నన్ను నమ్మి ముందుకు కదిలింది. రెండడుగులు. కాలు జారింది. తాడు ఆమెను పట్టి ఆపింది గానీ ఆలస్యంగా ఆపింది, ఈలోగా మోకాలు కింది కమ్మీకి కొట్టుకుంది. ఆ చప్పుడు గురించి రాయలేను.

ఆస్పత్రి వరండాలోకి సినిమా మేనేజర్ కాగితం పట్టుకుని వచ్చాడు. హైదరాబాద్ మనిషి, మర్యాదస్తుడు.

"మీరేమని అరిచారమ్మా?"

"ఆగే అన్నానండీ."

"అంటే, ఆగమనే కదా?"

ఆయన చెవికి అది తెలుగు మాట. ఇంట్లో ఆడపిల్లని ఉండమనడానికి 'ఆగే' అంటాం చూడండి, అలా. అబద్ధం నేను కల్పించను కూడా లేదు, ఆయనే తెచ్చి నా చేతిలో పెట్టాడు. తల ఊపాను. పాపం, హిందీ అనుకుని ముందుకెళ్లిందన్నమాట అంటూ ఆయనే రాసుకున్నాడు. తాడు లాగిన నలుగురికీ నిజం తెలుసు. వాళ్లని ఎవరూ అడగలేదు.

నాగమణికి తెలివొచ్చాక అదే చెప్పాను. సిగ్నళ్లు హిందీలో కదా అని ఆమె గుర్తుచేస్తుందేమోనని వణికిపోయాను. కంగారులో నోటికి తెలుగు వచ్చేసిందే అన్నాను. ఆమె నా చెయ్యి పట్టుకుని ఏడ్చింది. "నీ తప్పేటుంది వదినా. నాను పడిపోతానని బయ్యమేసి తెలుగులో అరిసినావు. నాకే తెలుగు సరిగ్గా రాదు." ఆమె నాతో అన్ని మాటలు తెలుగులో మాట్లాడటం అదే మొదటిసారి.

కాలు వంకరగా అతుక్కుంది. అయినా ఎక్కుతానంది. సిగ్నల్ అర్థం కాని మనిషిని పైకి పంపనని కంట్రాక్టరు హైట్ పాస్ లాగేసుకున్నాడు. ఇప్పుడు సీతారాండేరాలో ఒక మెస్సులో కూర్చుని కూరగాయలు తరుగుతుంది. సినిమా వచ్చినప్పుడు అందరం వెళ్లాం. ఆమె రెండో పరుగు అందులో ఉంది. జనం ఈలలు వేశారు. "నానే వదినా, అది నానే!" అని నన్ను కుదిపేసింది. నేను లేచి బయటికి వచ్చేశాను.

ఎందుకు చెప్పలేదు? మా ఆయనకి భయపడా? మొదట్లో అలాగే సర్దిచెప్పుకున్నాను గానీ, అసలు సంగతి, తనని కాపాడబోయిన వదినగా ఆమె నన్ను చూసే చూపు నాకు తియ్యగా ఉంది, ఆమె కాలు పోగొట్టి సంపాదించుకున్న ఆ చూపుని వదులుకోవడం నాకు ఇష్టం లేకపోయింది. ఛీ, నేనూ ఒక మనిషినేనా?

ఆమె ఇంట్లో హిందీ మానేసింది. కూతురు హిందీలో పలికితే "తెలుగు రాకే నా కాలు పోనాది" అని తిడుతుంది. ఈ మధ్య తెలుగు చదవడం కూడా నేర్పమంది. నేర్పుతున్నది ఎవరనుకున్నారు? నేనే. గుణింతాలు అయిపోయాయి, ఒత్తులు ఇంకా మొదలుపెట్టలేదు.

అందుకే ధైర్యంగా తెలుగులో రాస్తున్నాను, చదవలేదని. ఇందులోనూ పిరికితనమే. కానీ ఇది చింపను. ఆమె పలక కింద పెడతాను. క్షమించమని కాదు, క్షమిస్తే నాకు ఇంకా కంపరం. మీకు చెప్పాక గుండె కాస్త తేలికైన మాట మాత్రం నిజం. ఆమె కోసం చివర ఒత్తులు లేకుండా రాస్తున్నాను, కూడబలుక్కుని చదువుకోగలదు.

మణీ, నేను ఆగమనలేదు. తాడు వదులుగా ఉందని తెలిసీ, ముందుకు పద అని అరిచాను.