ముచ్చీకటి మర్నాడు

మా నేపర్‌విల్‌లో ప్రతి నెలా మొదటి మంగళవారం పొద్దున సైరన్ మోగుతుంది. టోర్నడో సుడిగాలి వచ్చి కాదు, ఊరికే పరీక్ష. ఆ సంగతి నాకు తెలుసు, నా ఒంటికే తెలియదు. మొన్న కూడా ఆ కూత మొదలవగానే కాఫీ కప్పు కౌంటర్ మీద పెట్టేసి బేస్‌మెంట్ తలుపు దాకా పరిగెత్తాను. అక్కడ ఆగి నన్ను నేనే తిట్టుకున్నాను. ఆ తర్వాత పొద్దంతా హేమ ఆంటీ గుర్తొస్తూనే ఉంది. ఆవిడ పోయి కొన్నేళ్ళయింది.

నా చిన్నప్పుడు అరోరాలో మా పక్క టౌన్‌హౌస్ ఆవిడదే. సాఫ్ట్‌వేర్ టెస్టింగ్ ఉద్యోగం, అదీ ఇంటి నుంచే. అందుకని అమ్మ ఎక్కడికి వెళ్ళినా నన్ను ఆవిడ దగ్గర వదిలి వెళ్ళేది. నాకు కుక్కంటే భయం, లిఫ్టంటే భయం, నాన్న సిటీ ఆఫీసు నుంచి ఒక్క రైలు ఆలస్యంగా వచ్చినా భయం. “నీకు భయాలు కాకుండా ఇంకేమైనా హాబీలున్నాయా తల్లీ?” అని ఏడిపించేది ఆంటీ. ఆవిడకేమో మాయలోకాల కథల పిచ్చి. తీరిక దొరికినప్పుడల్లా సొంతంగా ఒక లోకాన్ని తయారుచేస్తూ ఉండేది.

ఆ లోకానికి మూడు చందమామలు: పెద్దది, నడిపిది, చిట్టి. పెద్దది బద్ధకంగా తిరుగుతుంది, చిట్టి వారం తిరక్కుండానే ఒక చుట్టు చుట్టేస్తుంది. కాబట్టి అక్కడ ప్రతి రోజుకీ మూడు తిథులు. పెద్దదానికి దశమి నాడు నడిపిదానికి విదియ, చిట్టికి పున్నమి కావచ్చు. బేస్‌మెంట్ గోడకి పెద్ద చార్టు అంటించి, గళ్ళు గీసి, నా చేత ఆ తిథులు నింపించేది. దానికి ముందు మన ఒక్క చందమామ సంగతి నేర్పింది. “తిథి అనేది ఆకాశంలో ఒక్కసారే మొదలవుతుందే. అప్పటికి విజయవాడలో శుక్రవారం వచ్చేసినా మనకింకా గురువారమే” అని టార్చిలైటూ బంతీ పట్టుకుని చూపించింది. ఆ ముక్క నాకు బాగా ఎక్కింది.

అలా నింపుకుంటూ పోతే ఒక గడిలో మూడింటికీ ఒకేసారి అమావాస్య పడింది. ఆంటీ దానికి ముచ్చీకటి అని పేరు పెట్టింది. నేను పెన్ను కింద పెట్టేశాను.

“ఏమైందే?”

“ఆ డే అందరూ చచ్చిపోతారు ఆంటీ. ఇంక రాయక్కర్లేదు.”

“ఎవరు చంపుతారు?”

“తెలీదు. అంతా డార్క్ కదా.”

ఆవిడ నవ్వలేదు. “క్యాలెండర్ రాసేవాళ్ళకి ఆ హక్కు లేదమ్మా. ఎంత పాడు రోజైనా సరే, దాని పక్కన ఇంకో గడి గీయాల్సిందే” అంది. నేను మొండికేశాను. చార్టు అక్కడే ఆగిపోయింది.

ఆ రోజుల్లోనే అమ్మకి వర్క్ పర్మిట్ వచ్చింది. షామ్‌బర్గ్‌లో ఒక కంపెనీ ఇంటర్వ్యూకి పిలిచి, గురువారమా శుక్రవారమా అని అడిగింది. అమ్మ విజయవాడ నుంచి తెచ్చుకున్న గోడ క్యాలెండర్ చూసింది. శుక్రవారం అమావాస్య. “నా తల్లే! అసలే కొత్త డ్రైవింగ్, ఆపైన అమావాస్య పూట హైవే ఎక్కుతానా?” అని గురువారం ఒప్పుకుంది.

గురువారం మధ్యాహ్నం ఆకాశం పాచి రంగుకి తిరిగింది. సైరన్ మోగింది. ఆంటీ నన్ను రెక్క పట్టుకుని బేస్‌మెంట్‌లోకి లాక్కుపోయింది. కరెంటు పోయింది. అమ్మకి ఫోన్ చేస్తే వాయిస్‌మెయిల్, మళ్ళీ చేస్తే మళ్ళీ అదే. టార్చి వెలుగు చార్టు మీద పడేసరికి నాకు లెక్క తట్టింది. అమ్మ క్యాలెండర్‌లో ఉన్నది విజయవాడ శుక్రవారం.

“ఆంటీ, ఇక్కడ అమావాస్య ఇవాళే. అమ్మకి తెలీదు.”

పైన ఏదో ఫెళ్ళున విరిగింది. అప్పుడు ఆంటీ నా చేతిలో పెన్ను పెట్టింది.

“ముచ్చీకటి పక్కన గడి గీయి.”

“ఐ కాంట్.”

“గీయి. మర్నాడు ముందు ఎవరొస్తారు?”

“చిట్టి. అదే ఫాస్ట్ కదా.”

“వచ్చాక?”

“అందరూ డోర్స్ ఓపెన్ చేస్తారు. పేర్లు పిలుస్తారు, ఎవరున్నారో చూడ్డానికి.”

“అయితే అదే పండగ. రాయి.”

గీత వంకర పోయింది. ఆంటీ నా మణికట్టు పట్టుకుంది. ఆవిడ పట్టుకున్నాక ఇంకా వంకర పోయింది.

సాయంత్రానికి అమ్మ వచ్చింది. దారిలో పెట్రోలుకి గ్యాస్ స్టేషన్‌ దగ్గర ఆగితే, అక్కడివాళ్ళు అందరినీ పాలూ బీర్లూ పెట్టే చలిగదిలోకి తోసి తలుపు వేశారట. ఫోనేమో కారులోనే ఉండిపోయింది. నన్ను వాటేసుకుని, ఏడుస్తూ నవ్వుతూ, “ఇవాళ వెళ్ళాను కాబట్టి బతికి బయటపడ్డాను హేమా! అదే రేపు అమావాస్య నాడైతేనా!” అంది.

నేను నోరు తెరిచాను. ఆంటీ నా కాలు గట్టిగా తొక్కింది. “అవునక్కా, మీ అదృష్టం” అని, బాత్‌రూంలోకి వెళ్ళి కుళాయి తిప్పింది. ఆ నీళ్ళ చప్పుడులోంచి కూడా ఆవిడ ఏడుపు నాకు వినిపించింది.

అమ్మ బట్టలు మార్చుకోవడానికి వెళ్ళాక అడిగాను. “ఎందుకు చెప్పనివ్వలేదు? ఇట్స్ ది ట్రూత్ కదా.”

ఆంటీ ముక్కు తుడుచుకుంది. “సోమవారం ఇంటర్వ్యూ రెండో రౌండటే. మీ అమ్మ మళ్ళీ అదే హైవే ఎక్కాలి కదా” అంది.

అమ్మ ఎక్కింది. ఉద్యోగం వచ్చింది. ఏళ్ళ తరబడి అదే దారిలో వెళ్ళి వచ్చింది. ఆ రోజు అమావాస్య అని నేను ఇప్పటికీ అమ్మకి చెప్పలేదు.

నా భయాలు తగ్గాయనుకునేరు, ఇంకా పెరిగాయి. ఇప్పుడు నా కూతురు స్కూలు బస్సెక్కుతోంది. రోజూ పొద్దున నా మనసులోకి రాని ఘోరం లేదు. అందులో ఒక్కటీ దాని చెవిన పడనివ్వను. “సాయంత్రం ఏం చేయనే తినడానికి?” అని అడుగుతాను. అది “పూరీ” అని అరుస్తూ బస్సెక్కుతుంది. బస్సు మలుపు తిరిగేదాకా నవ్వుతూ చెయ్యి ఊపి, అప్పుడు లోపలికి వచ్చి గోడకి ఆనుకుని కూర్చుంటాను. కాసేపటికి లేచి పిండి కలుపుతాను.