పంతులమ్మగారి మొదటి ముద్ద

పంతులమ్మగారు పోయారని మా ఆయన ఫోన్ చేసినప్పుడు నాకు ఏడుపు రాలేదు. భయమేసింది. ఈ మాట ఒప్పుకోకుండా ఆవిడ గురించి ఎంత మంచిగా రాసినా అబద్ధమే అవుతుంది కాబట్టి ముందే చెప్పేస్తున్నాను.

సోమవారం పొద్దున్న పదిగంటల వేళ. రామచంద్రపురంలో నేను పనిచేసే ల్యాబులో ఉన్నాను. "లేచిన కాసేపటికే కళ్ళు తిరిగి పడిపోయారంట. ఒకసారి వాంతి కూడా అయిందంట. డాక్టరు గారొచ్చేసరికే అయిపోయింది," అన్నారాయన. నాకు వాంతి అన్న మాట ఒక్కటే వినబడింది. ముందురోజు, ఆదివారం మధ్యాహ్నం, పంతులమ్మగారు మా ఇంటికి స్టీలు బాక్సు నిండా పుట్టగొడుగుల కూర పంపారు. మా అమ్మాయి అన్నం కంటే కూరే ఎక్కువ తింది. అడుగున మిగిలింది సాయంత్రం డ్యూటీ నుంచి వచ్చి నేను తిన్నాను. మా ఆయన పుట్టగొడుగు ముట్టరు. ఆ ఫోన్ వచ్చేసరికి మా అమ్మాయి బడిలో, ఎనిమిదో తరగతి గదిలో కూర్చుని ఉంది.

ఆవిడ మా పక్కింటివారు. అంతకు ముందు నాకు రెండో తరగతి చెప్పిన పంతులమ్మగారు. రిటైరయినా ఆవిడలో బడి రిటైరవలేదు. నా చిన్నప్పటి నుంచీ అంతే, తొలకరి పడి, ఉరుములతో ఒక గట్టి వాన కురిస్తే చాలు, మర్నాడు తెల్లవారగానే మా వీధిలో ఆడవాళ్ళనీ పిల్లల్నీ పోగేసి పుట్టగొడుగులకి తీసుకెళ్ళేవారు. కాలవగట్టు మీద అందరం వరసలో నడవాలి. కొబ్బరితోటలోకి అడుగుపెట్టే ముందు హాజరు, బయటికొచ్చాక మళ్ళీ హాజరు. కోడళ్ళున్న అరవై ఏళ్ళ అత్తగారు కూడా చెయ్యెత్తి "ఉన్నానండీ" అనాల్సిందే.

తోట ఆసామిగారు పుట్టకి నాగుల చవితినాడు పాలు పోసే మనిషి. పంతులమ్మగారు ప్రతి ఆదివారం చర్చిలో ముందు బల్ల మీద కూర్చునే మనిషి. ఇద్దరికీ ఏటా ఒకటే సంభాషణ.

"గునపం మాత్రం పెట్టకండి పంతులమ్మగారూ."

"గునపమెందుకండీ, నాకు వెదురుపుల్ల చాలు. మీరు సరేనంటేనే లోపలికొస్తాం."

"ఏటా అడగాలేంటండీ?"

"పుట్ట మీది కదండీ, అడగొద్దా?"

పుట్ట దగ్గరకెళ్ళగానే చేతికర్రతో నేల మీద మూడుసార్లు కొట్టి కాసేపు ఆగేవారు. "ఇంట్లోవాళ్ళకి చెప్పకుండా వెళ్తే మర్యాద కాదే," అనేవారు నాతో. ఆ ఇంట్లోవాళ్ళు తాచుపాములని నాకు తెలుసు. నేను పుట్టుపిరికిదాన్ని. ఆవిడ చీరకొంగు పట్టుకుని, రెండు కాళ్ళూ ఒకేసారి నేలకి ఆనించకుండా ఎలా నిలబడొచ్చా అని చూసేదాన్ని.

పుట్టగొడుగుని ఆవిడ ఎప్పుడూ లాగరు, కొయ్యరు. చతికిలబడి కూర్చుని, కాడ పక్కనే వెదురుపుల్లతో మన్ను తీసుకుంటూ పోతారు. జానెడు, ఒక్కోసారి మూరెడు లోతున తెల్లటి వేరు చెదల గూటిదాకా దిగి ఉంటుంది. అది తెగకుండా వస్తేనే బుట్టలోకి. సగంలో తెగితే అక్కడే మన్ను కప్పేస్తారు. "గొడుగు అందరికీ ఒకలాగే ఉంటుందే, ఇంటిపేరు కిందుంటుంది," అనేది ఆవిడ మాట. ఇది చదివి ఎవరూ పుట్టల మీదికి బయల్దేరకండి. వేరు చూశాక ఆవిడ రంగు, వాసన, కాడ, మన్ను ఇంకా ఏమేమో చూసేవారు. నాకు సగం కూడా పూర్తిగా రాదు.

అసలు భయం ఇంటికొచ్చాక మొదలయ్యేది. పెరట్లో కట్టెలపొయ్యి మీద ఉల్లిపాయా పచ్చిమిరపకాయా వేసి ఆవిడే వండేవారు. అందరం పళ్ళేలు పట్టుకుని కూర్చుంటాం. ఎవరికీ వడ్డించరు. ముందు తన పళ్ళెంలో వేడన్నంలో కలిపి ఒక్క ముద్ద తిని, కుర్చీలో కూర్చుంటారు. గంట. ఆ గంటా పిల్లల్ని ఎక్కాలు అడుగుతారు. నాకప్పుడు ఏడేళ్ళు. అందరూ పొయ్యి మీది గిన్నె వైపు చూస్తుంటే నేను ఆవిడ మొహం వైపు చూసేదాన్ని. చెమట పడుతోందా, పెదవులు నల్లబడుతున్నాయా, చెయ్యి పొట్ట మీదికి పోతోందా.

"ఏడారులెంతే?" అన్నారొకసారి.

నేను పలకలేదు.

"ఎందుకే అలా చూస్తావు? నా మొహం మీద రాసుందా ఏంటి?"

అందరూ నవ్వారు. ఆవిడ చచ్చిపోతారేమోనని చూస్తున్నానని నేనెలా చెప్తాను? గంటయ్యాక పళ్ళెంలో పడిన కూర నాకు లోకంలో అన్నిటికంటే రుచిగా ఉండేది. ప్రాణం లేచొచ్చిన నోటికి ఏదైనా రుచే మరి.

ఒక ఏడాది మాత్రం ఆ ముద్ద నోటిదాకా వెళ్ళి ఆగిపోయింది. కొత్తగా కాపురానికొచ్చిన ఒకావిడ సాయం చేద్దామని, తోటకూర కోసినట్టు కొడవలితో పుట్టగొడుగులు నేలమట్టానికి కోసి, అందరికంటే ఎక్కువ తెచ్చానన్న సంబరంతో బుట్టలో కలిపేసింది. కడిగి తరిగేటప్పుడు ఎవరూ చూసుకోలేదు. పంతులమ్మగారు ముద్దలో ఒక ముక్కని వేలితో విడదీసి, కాడ చివర కొడవలి గాటు చూసి, "దీని వేరేదమ్మా?" అన్నారు. ఆ పిల్ల మొహం పాలిపోయింది. ఆవిడ ఒక్క మాట కూడా తిట్టలేదు. గిన్నెడు కూరా తీసుకెళ్ళి, కోళ్ళు కెలక్కుండా గొయ్యి తీయించి పూడ్పించారు. "మంచివే అయ్యుండొచ్చు కదండీ," అంది ఆ పిల్ల ఏడుపుగొంతుతో. "అయ్యుండొచ్చమ్మా. అయ్యుండొచ్చు అనేదాన్ని పిల్లలకి పెట్టకూడదు," అన్నారు. ఆ రోజు అందరం ఆవకాయన్నం తిన్నాం.

తర్వాత నేను ల్యాబ్ టెక్నీషియన్ కోర్సు చదివాను. కొన్ని విషపు పుట్టగొడుగులు తిన్న వెంటనే ఏమీ చెయ్యవనీ, ఆరేసి గంటలు, ఒక్కోసారి మర్నాటి దాకా ఊరుకుని అప్పుడు వాంతులు పట్టిస్తాయనీ, కాస్త తగ్గినట్టే తగ్గి కాలేయం మీద దెబ్బకొడతాయనీ అక్కడ తెలిసింది. మనమంతా ఇన్నేళ్ళూ ఆ గంటని నమ్ముకుని తిన్నామా అనుకున్నాను. పరుగున వచ్చి ఆవిడతో చెప్పాను. ఆవిడ చిక్కుళ్ళు ఈనెలు తీస్తూ విన్నారు.

"గంటలో తేలదని నాకూ తెలుసే. తేల్చుకునేది పుట్ట దగ్గరే."

"మరి ఆ ముద్ద ఎందుకండీ?"

"అది పుట్టగొడుక్కి పరీక్ష కాదు, నాకు. నా మీద నాకు అనుమానముంటే ఆ ముద్ద నా గొంతు దిగదు. నా గొంతు దిగనిది మీకెలా పెడతాను?"

"గంట కూర్చోవడమో?"

"అది నీలాంటి పిరికిముండల కోసం," అని నవ్వారు.

ఇవన్నీ తెలిసిన నేను సోమవారంనాడు ఏం చేశానో వినండి. పక్కింట్లో ఆవిడ శవం ఉంది. నేను అటు వెళ్ళలేదు. స్కూటీ మీద బడికి వెళ్ళి మా అమ్మాయిని బయటికి పిలిపించాను. "కడుపులో నొప్పేమైనా ఉందా?" అంటే లేదంది. దారిపొడుగునా అదే అడిగాను. చివరికి అది విసిగిపోయి, "నువ్వలా అడుగుతుంటే ఇప్పుడు కొంచెం తిప్పుతున్నట్టుందమ్మా," అంది. నా పై ప్రాణాలు పైనే పోయాయి. ల్యాబుకి తీసుకెళ్ళి నేనే రక్తం తీయబోయాను. రోజూ ఎంతమందికో తీసే చేతులకి కన్నకూతురి నరం దొరకలేదు. "అమ్మా, వేరే ఆంటీని పిలవనా?" అంది అది.

ఇద్దరి రిపోర్టులూ బాగానే ఉన్నాయి. పక్క క్లినిక్‌లో డాక్టరు గారు చూసి, "ఈ రోజు బాగున్నంత మాత్రాన చెప్పలేమండి. రేపూ ఎల్లుండీ కూడా చేద్దాం. ఈలోపు ఏ కాస్త తేడాగా ఉన్నా కాకినాడ తీసుకెళ్ళిపోండి. అసలావిడ ఆ కూర తిన్నారో లేదో, ఎలా పోయారో కనుక్కోండి," అన్నారు. అంటే నేను చావింటికి వెళ్ళి, పోయిన మనిషి ముందురోజు ఏం తిన్నారని అడగాలి.

నాలుగింటికి వెళ్ళాను. హాల్లో పెట్టె, చుట్టూ పాటలు. ఆవిడ మొహం చూశాను. చిన్నప్పుడు చూసినట్టే, పెదవుల రంగు చూశాను. నన్ను నేను అసహ్యించుకున్నాను గానీ చూడటం మానలేకపోయాను. తర్వాత వాళ్ళ చెల్లెలుగారి పక్కన కూర్చున్నాను. అక్కా చెల్లెళ్ళిద్దరే ఉండేవారు ఆ ఇంట్లో. చెవిలో అడిగాను.

ఆవిడ నా వైపు చూసి, నెమ్మదిగా చెప్పారు. "డాక్టరు గారు గుండెపోటన్నారమ్మా. శనివారం నుంచే గుండెల్లో బరువుగా ఉందంటే గ్యాసులే అనేసింది. నిన్న వండింది గానీ అన్నం సహించట్లేదంది. మానెయ్యవే అన్నాను. 'పక్కింటి పిల్లకి బాక్సు పెట్టాలే, నేను తినకుండా ఎలా పంపుతాను' అని ఆ ఒక్క ముద్దా మంచినీళ్ళతో మింగింది. నొప్పితో ఆ కుర్చీలోనే గంట కూర్చుంది. గంటయ్యాకే బాక్సు పంపమంది. నేనూ రెండు పూటలా అదే కూర తిన్నాను, ఇదిగో, ఇలా ఉన్నాను."

నా చెయ్యి పట్టుకుని, "పాప బాగానే ఉంది కదమ్మా?" అన్నారు.

అప్పుడు ఏడ్చాను. పాస్టరుగారు ప్రార్థన ఆపి చూసేంతగా ఏడ్చాను. ఎంత ప్రేమో అని అందరూ అనుకున్నారు. ప్రేమే, కాదనను. కానీ అందులో సిగ్గు ఎంతుందో నాకూ ఆ చెల్లెలుగారికీ మాత్రమే తెలుసు.

అయినా భయం భయమే. మంగళవారం, బుధవారం మళ్ళీ రక్తం తీశాను. మూడోరోజు రిపోర్టు చూశాక మా అమ్మాయి, "ఇంక నన్ను వదిలేస్తావా?" అంది. బాక్సు తోమి, ఖాళీగా ఇవ్వకూడదని బెల్లమ్ముక్క వేసి పక్కింట్లో ఇచ్చాను. చెల్లెలుగారు లోపలికెళ్ళి పంతులమ్మగారి చేతికర్రా వెదురుపుల్లా తెచ్చి నా చేతిలో పెట్టారు. "మూల పడేస్తే చెదలు తినేస్తాయి. నువ్వుంచుకో," అన్నారు.

నెల తిరక్కుండా మళ్ళీ ఉరిమింది. పొద్దున్నే వీధిలో ఆడవాళ్ళు మా గుమ్మం ముందు నిలబడ్డారు. నాకు రాదన్నాను. "ఆవిడ వెనకాల అన్నేళ్ళు తిరిగినదానివి నీకే రాకపోతే ఇంకెవరికొస్తుంది?" అన్నారు. వెళ్ళాను. హాజరు వేశాను. ఆసామిగారిని అడిగితే కళ్ళు తుడుచుకుని తల ఊపారు. నేల మీద మూడుసార్లు కొట్టి, ఆవిడకంటే చాలాసేపు ఆగాను. దొరికినవాటిలో సగానికి పైగా, ఏదో ఒకటి నచ్చక, మన్ను కప్పేశాను. చివరికి మిగిలినవి గుప్పెడు.

అవే వండాను. ముద్ద కలిపాను. అది నా చేతిలో చల్లారిపోతుంటే ఒక్కొక్క వేరునీ మళ్ళీ గుర్తు చేసుకున్నాను. గొంతు దిగింది. కుర్చీలో కూర్చున్నాను. ఎదురుగా మా అమ్మాయి ఖాళీ పళ్ళెం ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. ఏం మాట్లాడాలో తోచక, "ఏడారులెంతే?" అన్నాను.

అది పలకలేదు. రెప్పవేయకుండా నా మొహంలోకే చూస్తోంది.