పదడుగుల దూరంలో కెమెరా

తొంభైల్లో ఆత్మకూరుకు పట్నం నుంచి ముగ్గురు వచ్చారు. ఒక మామూలు మనిషి దినం ఎలా గడుస్తుందో ఉన్నదున్నట్టు సినిమా తీస్తామన్నారు. ఉదయగిరి దారిలో గొర్రెలు మేపే నా స్నేహితుణ్ణి చూపించింది నేనే. ఆ తప్పు నాది.

మూడో రోజు వాళ్ళకు టీ పట్టుకొని నేను గట్టెక్కేసరికి గొర్రెలు వేరుశనగ చేలో పడి మేస్తున్నాయి. చేను ఆసామీ, అతని కొడుకూ నా స్నేహితుడి చేతికర్ర లాక్కొని దానితోనే అతణ్ణి బాదుతున్నారు. తల పగిలింది. కింద పడ్డాక ముంజేతి మీద తొక్కారు. ఎముక విరిగిన చప్పుడు నాకు వినిపించింది. పదడుగుల దూరంలో కెమెరా ఆగలేదు.

నేను అడ్డం పడ్డాను. నాకూ రెండు తగిలాయి. కర్ర పారేసి వాళ్ళు పోయాక, అతణ్ణి లేపుతూ అరిచాను.

"పక్కనే ముగ్గురు మగోళ్ళు ఉండారు గదరా! కేకెయ్యను నోరు పడిపోయిందా?"

"వాళ్ళ దిక్కు చూడొద్దన్నారు గదన్నా. చూస్తే బొమ్మ చెడిపోతాదంట" అన్నాడు, నెత్తురు ఉమ్ముతూ.

వాళ్ళలో పెద్దాయన దగ్గరికొచ్చి, "మేం కల్పించుకోకూడదండీ. అది మా పద్ధతి" అన్నాడు.

పొట్లాల కాగితాలు చదివి అక్షరాలు నేర్చుకున్నవాణ్ణి నేను. అలాంటి పద్ధతి ఏ కాగితంలోనూ చదవలేదు. కింద పడున్న కర్ర తీసుకొని కెమెరాను కొట్టాను. అద్దం పగిలినా ఆపలేదు.

అప్పుడు ముగ్గురూ పరుగెత్తుకొచ్చి నా చేతులు వెనక్కి విరిచి పట్టుకున్నారు.