నీళ్ళు లేని బావిలో మునిగిన చిన్నాయన

మా చిన్నాయనను బావిలో ముంచి చంపబోయినామంట. నాయన, అమ్మ, నేను, ముగ్గురమూ కలిసి. కోర్టు నుంచి వచ్చిన కాగితంలో అట్లే ఉండాది. "నిండుగా నీరున్న సదరు బావిలోకి ఫిర్యాదిని తోసివేయగా, ఈత వచ్చినందున అతడు ప్రాణాలతో బయటపడినాడు."

నేనే గట్టిగా చదివినాను. అమ్మ వక్కాకు నమిలేది ఆపి, "ఈతా? తలకు రెండు చెంబులు పోస్తేనే ఊపిరాడలేదని అరుస్తాడే ఆయప్ప! యాడ ఈదినాడు, కంపల్లోనా? అబద్ధమాడితే అతికినట్టుండల్ల" అనింది.

మాది బెళుగుప్ప పక్క పల్లె. నాయనకూ ఆయన తమ్ముడు చిన్నాయనకూ కలిపి ఒకటే బావి. అది ఎండిపోయి అప్పటికి ఐదేండ్లు. అడుగున కంపచెట్లు మొలిచినాయి. మేకలు మెట్ల మీద దిగిపోయి మేసి వచ్చేవి. అందులో తుప్పు పట్టిన మోటారు ఒకటి మిగిలింటే, చిన్నాయన మాకు చెప్పకుండా పాతినుము వాళ్ళకు అమ్మేసినాడు. నాయనకు రోసమొచ్చి పోలీసులకు చెప్పినాడు. వాళ్ళు చిన్నాయనను పిలిపించి, పొద్దున్నించి సాయంత్రం దాకా స్టేషను అరుగు మీద కూర్చోబెట్టినారు. కొట్టలేదు, తిట్టలేదు. అయితే ఆ పొద్దు సంత. ఊరంతా ఆ దోవలోనే పోతా చూసింది. అది ఆయన తట్టుకోలేకపోయినాడు. వారం తిరక్కుండా పట్నంలో లాయరును పట్టుకోని మా మీద కేసేసినాడు.

లాయరు దగ్గర కాగితాలు రాసే గుమాస్తాది కృష్ణా కాలవల పక్క ఊరంట. ఆయన లెక్కలో బావంటే నీళ్ళుండేదే. "బావిలోకి తోసినారు" అని మాత్రమే చిన్నాయన చెప్పినాడు. నీళ్ళు పోసిందీ, ఈత నేర్పిందీ ఆ గుమాస్తానే.

నవ్వుకునేదానికి లేకుండా పోయింది. ఆ నెలలోనే నాకు బస్సు కండక్టరు ఉద్యోగం వచ్చింది. ఆడోళ్ళను తీసుకోవడం అప్పుడే మొదలైంది. ఫారంలో ఒక ప్రశ్న: మీ మీద క్రిమినల్ కేసు ఏదైనా ఉన్నదా? ఉండాది కదప్పా, మనిషిని చంపబోయిన కేసు! ఆఫీసులో ఆయన, "కేసు కొట్టేయించుకోని రామ్మా. ఏడాదిలోపల రాలేదా, నీ జాగాలో ఇంకొకరొస్తారు" అన్నాడు. ఇంటికొచ్చి మొకం వాచేదాకా ఏడ్చినాను. వాన లేదు, పంట లేదు, ఆ ఉద్యోగమొక్కటే నాకు దిక్కు. చిన్నాయన కనపడింటే ఆ పొద్దు నిజంగానే తోసేసేదాన్ని.

కోర్టుకు పోయే బస్సు ఒకటే. వాయిదా వచ్చినప్పుడల్లా చిన్నాయన ముందెక్కి, పక్క సీట్లో నాయనకు టవలేసి పెట్టేవాడు. అలవాటు. అమ్మ సంగటి, ఊరిబిండి కట్టుకొచ్చి ఆయప్పకూ ఒక ముద్ద పెట్టేది. "తిను. బాగా తిని మమ్మల్ని జైలుకు పంపు" అనేది. ఆయన తలొంచుకోని తినేవాడు. వీళ్ళ మర్యాదలు చూస్తాంటే నాకు ఒళ్ళు మండేది.

కడాకు ఒక వాయిదాలో మా లాయరు, మండలాఫీసు నుంచి తెప్పించిన ఒక అర్జీ తీసి జడ్జికిచ్చినాడు. బావి ఎండిపోయింది, లోతు తవ్వించండి అని మండలాఫీసుకు చిన్నాయన పెట్టుకున్న అర్జీ అది. కేసేసిన వారంలోనే పెట్టినాడు. ఉమ్మడి బావి కాబట్టి కింద నాయన సంతకం కూడా ఉండాది. సంతకం ఎట్ల పెట్టినావు నాయనా అని అడిగితే, "కేసు కేసే, బావి బావే" అన్నాడు.

జడ్జి చదివి, "బావిలో నీళ్ళెంత లోతుండె?" అని చిన్నాయనను అడిగినాడు.

"నిలువు లోతు సామీ."

"ఈ అర్జీ నీదేనా?"

"నాదే సామీ."

"ఇందులో ఐదేండ్లుగా చుక్క నీళ్ళు లేవని రాసినావు. నీళ్ళుంటే అర్జీ అబద్ధం. లేకుంటే కేసు అబద్ధం. ఏది నిజమో చెప్పు."

చిన్నాయన టవలు ఈ భుజం మీద నుంచి ఆ భుజానికి మార్చుకోని, "రెండూ ఉండకూడదా సామీ?" అన్నాడు.

కోర్టంతా నవ్వింది. నాకు నవ్వు రాలేదు. కొంగు పిడికిట్లో నలుపుకుంటా ఆయన నోరే చూస్తాన్నాను. ఆయన మా నాయన పక్క ఒకసారి చూసి, "బావిలో నీళ్ళు లేవు సామీ" అని, టవలు నోటికడ్డం పెట్టుకోని ఏడ్చినాడు. అర్జీలో రాసినాడే గానీ, నీళ్ళు లేవనే మాట ఇంట్లో కూడా ఎన్నడూ నోటితో అనినోడు కాదు.

కక్షతో పెట్టిన కేసని జడ్జి కొట్టేసినాడు. బావి ఐదేండ్లుగా ఎండిపోయి ఉందని ఫిర్యాదియే ఒప్పుకున్నాడని తీర్పులో రాసినాడు. ఆ కాగితం చూపిస్తే నా ఉద్యోగం నాకొచ్చింది.

వారానికి చిన్నాయన మా గడప దగ్గరకొచ్చి గొంతు సవరించుకున్నాడు. "పాపా, ఆ కోర్టు కాగితం నకలొకటి ఇస్తావా?"

"దేనికి? పైకోర్టుకు పోతావా?"

"కాదు పాపా. బావి ఎండిందంటే మండలాఫీసులో నమ్మడం లేదు. ఇప్పుడు జడ్జే రాసినాడు కదా, ఇంక ఎవడు కాదంటాడు!"

తిట్టాలని నోరు తెరిచి, లోపలికి పోయి నకలు తెచ్చిచ్చినాను. జడ్జి సంతకం చూసి ఆఫీసువాళ్ళు ఊర్లో అందరికన్నా ముందు మా బావికే మంజూరు చేసినారు. ఓడిపోయిన కేసుతో ఇంత లాభం చేసుకున్న మనిషిని నేను మళ్ళా చూడలేదు.

ఉద్యోగంలో చేరి నేను పట్నంలోనే ఉండిపోయినాను; కొన్ని నెలలకు మా దోవ బస్సులోనే నాకు డ్యూటీ పడింది. ఒక పొద్దు చిన్నాయన రెండు ఖాళీ బిందెలతో ఎక్కినాడు. పక్కూరికి తాగేనీళ్ళకు పోతాండాడు.

"బావిలో నీళ్ళు పడినాయా చిన్నాయనా?"

"ఇరవై అడుగులు దిగినాం పాపా. అంతా బండే." నవ్వబోయినాడు, రాలేదు. "కోర్టోళ్ళు చెప్పిందే నిజం."

టికెట్టు చింపిచ్చినాను. విజిల్ ఊదలేదని డ్రైవరు కేకేసినాడు. ఆ బావిలో నీళ్ళు లేనందుకే నాకు ఈ ఉద్యోగం మిగిలింది. అయినా ఆ పొద్దు, గుమాస్తా రాసిందే నిజమై, మనిషిని ముంచేటన్ని నీళ్ళు అందులో ఉండింటే ఎంత బాగుండు అనిపించింది.