గట్టు మీద చెప్పులు

మా సర్వేయరు సారు ఏ పొలం కొలిచినా గట్టు మీదే చెప్పులు విడిచేవాడు. ఎందుకని కొలత గొలుసు పట్టే నేను అడిగితే, "అన్నం పెట్టే జాగరా, చెప్పులతోని తొక్కుతమా?" అనేవాడు. ఫ్యాక్టరీ జాగాల్లో మాత్రం తొడుక్కునే తిరిగేవాడు.

గుమ్మడిదల దగ్గర ఒక ముసలామె చెలకను ప్లాట్ల వ్యాపారి ఒకడు రికార్డుల్లో వ్యవసాయేతర భూమిగా మార్పించాడు. ఆమె కేసు వేసింది. సాగు ఉందో లేదో చూసి రాయమని కోర్టు మా సారును పంపింది. జొన్న కోసిన కొయ్యకాళ్ల మధ్య ఆయన వట్టి కాళ్లతో జాగ్రత్తగా నడిచి కొలిచాడు. "సాగు ఆనవాళ్లు లేవు" అని రాసి ఆమెకు చదివి వినిపించాడు.

ఆమె గట్టు వైపు చూసింది.

"సాగు లేదంటున్నవ్. మరి చెప్పులెందుకు ఇడిసినవ్ సారూ?"

ఆయన కాగితం మడిచి జీపెక్కాడు. ఆ తర్వాత ఏ పొలానికి వెళ్లినా చెప్పులతోనే దిగాడు.